అర్జీ పెట్టిన మాట నిజమే

నల్లకోటు వేసుకున్న మొదటి ఏడాదంతా నాకు కార్బన్ కాగితాలతోనే గడిచిపోయింది. తొంభైల చివరి రోజులు. అమలాపురంలో కోర్టుకి రెండు వీధుల అవతల, ఒక పెంకుటింటి వసారాలో మా సీనియరుగారి ఆఫీసు ఉండేది. నాలుగు ప్రతులు కావాలంటే మధ్యలో మూడు కార్బన్లు పెట్టి, టైపు మిషను మీద కసిదీరా కొట్టాలి. ఎంత కొట్టినా నాలుగో ప్రతిలో అక్షరాలు మసగ్గానే ఉండేవి. దాన్ని కక్షిదారుకి ఇచ్చేవాళ్ళం. వాళ్ళు ఎలాగూ చదవరని మా సీనియరుగారి ధీమా. ఇప్పుడు మీట నొక్కితే నిమిషంలో పది ప్రతులు వస్తున్నాయి గానీ, వేళ్ళకి అంటుకున్న ఆ నీలిరంగు మీదా, ఆ వసారాలో మధ్యాహ్నం వీచే గాలి మీదా నాకు బెంగ ఇంకా తీరలేదు.

ఆ వసారాలోకి ఒక పొద్దున్న ఒక పెద్దాయన వచ్చారు. అరవై దాటిన మనిషి. మడత నలగని పంచె, చంకలో గొడుగు, చేతిలో గుడ్డసంచీ. రాజోలు అవతల, గోదారి సముద్రంలో కలిసే చోటికి దగ్గర్లో ఆయన ఊరు. రెండు బస్సులు మారి వచ్చి కూడా, బెంచీ మీద కూర్చోమంటే చివర ఆనీ ఆననట్టు కూర్చున్నారు. సీనియరుగారు ఏమడిగినా ముందు "ఆయ్" అని, ఆ తరవాతే జవాబు చెప్పేవారు. నేను ఆయన్ని మొదటి రోజు నుంచీ బాబాయిగారనే పిలిచాను. ఆయన నన్ను లాయరమ్మగారన్నారు. నన్ను అలా పిలిచిన మొట్టమొదటి మనిషి ఆయనే కాబట్టి, ఆ కేసు మీద నాకు అప్పుడే ప్రేమ పుట్టింది.

వాళ్ళది గుల్లసున్నం కాల్చే వృత్తి. పోటు తీసినప్పుడు పడవల మీద వెళ్ళి, నడుం లోతు నీళ్ళలో నిలబడి, అడుగునున్న ఆల్చిప్పల గుల్లని బుట్టలతో దేవి తెస్తారు. కడిగి ఆరబెట్టి, కొబ్బరి పీచు డొక్కలు వేసి బట్టీలో కాలిస్తే సున్నం అవుతుంది. గోడలకీ, కిళ్ళీ కొట్లకీ ఆ సున్నమే వెళ్ళేది. రొయ్యల చెరువులు తవ్వడం మొదలయ్యాక వాటికీ కావలసి వచ్చింది. వాళ్ళ ఊళ్ళో పన్నెండు కుటుంబాలకి కలిపి ఒకటే బట్టీ. అది ఈయన తాతగారు కట్టించింది కావడంతో ఊరందరికీ ఈయనే పెద్ద.

సున్నానికి గిరాకీ పెరగగానే ఒక రోజు జీపు వచ్చింది. గుల్ల కూడా ఖనిజమేననీ, ప్రభుత్వం లీజు ఇవ్వకుండా తియ్యడం నేరమనీ చెప్పి వెళ్ళారు. పడవలు ఒడ్డుకి కట్టేశారు. బట్టీ చల్లారిపోయింది.

"చేపల్లాగా, పీతల్లాగా అదీ గోదారి ఇచ్చేదే అనుకున్నామండి. ఖనిజమని మాకేం తెలుసండీ," అన్నారు బాబాయిగారు.

తెలిసిన వెంటనే పన్నెండు కుటుంబాల తరఫునా ఆయనే పట్నం వెళ్ళి, గనుల ఆఫీసులో లీజుకి అర్జీ పెట్టారు. అది జరిగి అప్పటికి అయిదేళ్ళు. ఆ అయిదేళ్ళలో ఔననీ అనలేదు, కాదనీ అనలేదు. ప్రతి నెలా మొదటి సోమవారం ఈయన వెళ్ళడం, ఆఫీసరుగారు కుర్చీ వేయించి కాఫీ ఇప్పించడం, "పైకి రాసేమండీ, చూద్దాం" అనడం, ఈయన "ఆయ్, మంచిదండీ" అని బస్సెక్కడం. ఇంతే. ముగ్గురు ఆఫీసర్లు మారారట. ముగ్గురూ మర్యాదస్తులేనని ఈయనే కితాబిచ్చారు.

మా వైపు సంగతి తెలియనివాళ్ళకి ఇది వింతగా ఉంటుంది. కోనసీమలో మొహం మీద లేదని చెప్పడం మాకు రాదు. సంబంధం నచ్చకపోతే "ఇంట్లో అనుకుని కబురు పెడతామండీ" అంటారు. ఆ కబురు ఈ జన్మకి రాదు. పొలానికి పోవడానికి ఎడ్లబండి అడిగితే "అయ్యో, పొద్దున్నే ఒక్క మాట అనుకున్నారు కారు" అంటారు. పొద్దున్నే అడిగి ఉంటే ఏమనేవారో దేవుడికే ఎరుక. మనుషుల మధ్య ఇది చెల్లిపోతుంది. అవతలివాడికి అర్థమవుతుంది, ఇవతలివాడి పరువు దక్కుతుంది. కానీ ఆఫీసు ఫైలు ముందు కూర్చుని కూడా అదే మర్యాద చేస్తే పన్నెండు పొయ్యిలు ఆరిపోతాయి.

సీనియరుగారు కళ్ళజోడు సర్దుకుని, "అర్జీ కాపీ ఇలా ఇవ్వండి. అందినట్టు వాళ్ళు సంతకం పెట్టి ముద్ర వేస్తారు కదా, ఆ కాపీ," అన్నారు.

బాబాయిగారు సంచీలోకి చూసుకున్నారు, గొడుగు వైపు చూశారు, చివరికి నా వైపు చూశారు. "అది పుచ్చుకోలేదండి."

"అదేంటండీ?"

"ఆయన లేచి నమస్కారం పెట్టి, కుర్చీ వేయించేరండి. ఆయన చేతిలో కాయితం పెట్టి, ముట్టినట్టు సంతకం చెయ్యండంటే, మిమ్మల్ని నమ్మటం లేదని మొహం మీద అన్నట్టు కాదాండీ?"

ముప్ఫయ్యేళ్ళ ప్రాక్టీసున్న మా సీనియరుగారు తల పట్టుకున్నారు. నాకు నవ్వొచ్చింది. అర్జీ పెట్టినట్టు ఈయన దగ్గర చిత్తు కాగితమైనా లేదు. మా నాన్న ఆయన స్థానంలో ఉన్నా ఇదే పని చేసేవారని తోచి ఆ నవ్వు మధ్యలోనే మింగేశాను.

అసలు విషయం అప్పుడు చెప్పారాయన. తల వంచుకుని, గొడుగు పిడి నిమురుతూ చెప్పారు. ప్రతి ఏడాదీ ఊళ్ళోవాళ్ళకి "ఈ ఏడు వచ్చేస్తుంది" అని చెబుతూ వచ్చారు. చూసి చూసి పన్నెండు కుటుంబాల్లో తొమ్మిది బట్టీ వదిలేసి చెరువుల పనికి వెళ్ళిపోయాయి. వెళ్ళిపోయినవాళ్ళలో ఆయన సొంత బావమరిదీ ఉన్నాడు. అతను ఒక పెళ్ళిలో, బంతిలో కూర్చున్న నలుగురి మధ్యా అనేశాడట, "అర్జీ పెట్టేనని మా బావ నోటితో వినటమే గానీ కాయితం చూసినోడు ఎవడన్నా ఉన్నాడా?" అని. ఆ రోజు నుంచీ మాటల్లేవు. రెండేళ్ళుగా ఈయన భార్య పుట్టింటి గడప తొక్కలేదు.

"లీజు సంగతి దేవుడెరుగండి. నేను అర్జీయే పెట్టకుండా ఇన్నేళ్ళూ ఊరిని తిప్పేనని అనుకుంటున్నారండి," అన్నారు. నేను టైపు మిషను వైపు తిరిగి, ఎక్కించి ఉన్న కాగితాన్నే మళ్ళీ ఎక్కించాను.

ప్రభుత్వం ఏదీ తేల్చకుండా కూర్చుంటే హైకోర్టులో రిట్ వెయ్యొచ్చు. దాన్ని మాండమస్ అంటారు. పుస్తకంలో చదివిందంతా ఒలకబోసి బాబాయిగారికి వివరించే పని నాకు అప్పగించారు. కోర్టు లీజు ఇవ్వమనదు, అది కోర్టు పని కాదు, ఇస్తారో ఇవ్వరో ఫలానా గడువులోగా తేల్చి చెప్పమని మాత్రమే ఆఫీసుని ఆదేశిస్తుంది అని చెప్పాను.

ఆయన గొడుగు పక్కన పెట్టారు. "అంటే, కాదని చెప్పించుకోటానికి కూడా కోర్టుకెళ్ళాలాండీ?"

"ఔనని కూడా చెప్పొచ్చు కదండీ బాబాయిగారూ."

"ఆయ్," అన్నారు గానీ ఆ ఆయ్ లో నమ్మకం లేదు.

రిట్ వెయ్యడానికి అర్జీ పెట్టినట్టు ఏదో ఒక ఆధారం ఉండాలి. కొత్తగా ఒక అర్జీ రిజిస్టర్డ్ పోస్టులో పంపించి, కొన్నాళ్ళు ఆగి, అప్పుడు కోర్టుకి వెళ్దామన్నారు సీనియరుగారు. దానికి బాబాయిగారు ససేమిరా అన్నారు. కొత్తది పెడితే పాతది పెట్టలేదని ఒప్పుకున్నట్టేగా అన్నారు. అందులో న్యాయం ఉంది. ఆ పైన ఇంకో పేచీ పెట్టారు. ఆఫీసరుగారికి చెప్పకుండా ఆయన మీద కేసు వెయ్యడం బాగుండదట. ముందు వెళ్ళి ఒక మాట చెప్పి రావాలట. ఇటువంటి కక్షిదారుని నేను తరవాత మళ్ళీ చూడలేదు. సీనియరుగారు విసుక్కుని, "నువ్వే తీసుకెళ్ళమ్మా" అని నా నెత్తిన పెట్టారు.

తరవాతి సోమవారం ఇద్దరం పట్నం వెళ్ళాం. ఆఫీసరుగారు ఆయన్ని చూడగానే లేచి నమస్కారం పెట్టారు. కుర్చీలు వచ్చాయి, కాఫీ వచ్చింది. వానల గురించి, కొబ్బరి ధర గురించి మాట్లాడుకున్నారు. నేను బల్ల కింద కాలితో నేల తడుతూ కూర్చున్నాను. కాఫీ అయ్యాక బాబాయిగారు గ్లాసు కింద పెట్టి, చేతులు జోడించి, "మీ మీద కేసు వేస్తున్నామండి. మీరేమీ అనుకోకూడదు," అన్నారు.

నాకు తల కొట్టేసినట్టయింది. ఆఫీసరుగారు మాత్రం నొచ్చుకోలేదు. పైగా మొహం కాస్త తేలికపడింది. "వెయ్యండి బాబుగారూ, తప్పేముందండీ. పైవాళ్ళు చెప్పకుండా నేను రాయలేను. కోర్టు చెబితే రాయక తప్పదు," అన్నారు.

గుమస్తాని పిలిచి ఫైలు తెప్పించారు. బీరువా అడుగు నుంచి వచ్చింది, దుమ్ము దులిపితే నలుగురం తుమ్మాం. లోపల మొదటి కాగితం బాబాయిగారి అర్జీయే. ఆయన సంతకం నేను కళ్ళారా చూశాను. జిరాక్సు ఇవ్వమంటే రూల్సు ఒప్పుకోవన్నారు. కానీ ఫైలు నంబరూ తేదీ ఒక చీటీ మీద రాసి ఇచ్చారు. మర్యాదకి ఏదో ఒక ఫలం ఉంటుందని ఆ రోజు ఒప్పుకోక తప్పలేదు. రసీదు అడగడానికి అడ్డొచ్చిన మర్యాదే మాకు నంబరు తెచ్చిపెట్టింది.

ఆ నంబరు పట్టుకుని హైదరాబాదులో రిట్ వేశాం. విచారణకి వచ్చే రోజున బాబాయిగారు కూడా వస్తానన్నారు. జడ్జిగారు ఏమైనా అడిగితే చెప్పడానికి దారి పొడుగునా మాటలు సిద్ధం చేసుకున్నారు. ఎవరూ ఏమీ అడగలేదు. మా కేసు పిలిచారు, మా తరఫు లాయరుగారు నాలుగు మాటలు చెప్పారు, ప్రభుత్వం తరఫు లాయరుగారు గడువు కావాలన్నారు, ఎనిమిది వారాల్లోగా అర్జీ తేల్చమని జడ్జిగారు చెప్పారు, తరవాతి కేసు పిలిచారు. బాబాయిగారు నమస్కారానికి రెండు చేతులూ దగ్గరికి తెచ్చేసరికి అంతా అయిపోయింది.

వరండాలోకి వచ్చాక అడిగారు. "అయిపోయిందాండీ?"

"అయిపోయిందండీ."

"గెలిచేమాండీ?"

ఇక్కడ నేను చెయ్యాల్సిన పని ఒక్కటే. గెలవలేదు, ఓడిపోనూ లేదు, ఎనిమిది వారాల్లో ఏదో ఒకటి చెబుతారు, కాదనే అవకాశమూ ఉంది అని విడమర్చి చెప్పాలి. కానీ ఆయన మొహం చూశాను. అది నా మొదటి హైకోర్టు కేసు కూడా. నేనూ ఆ నేల మీద పుట్టినదాన్నే.

"ఆయ్," అన్నాను.

ఆయన ఊరికి వెళ్ళి అందరికీ చెప్పుకున్నారు. మిగిలిన మూడు కుటుంబాలవాళ్ళూ బట్టీకి పగుళ్ళు పూడ్చి, మట్టి మెత్తి, డొక్కలు కుప్ప పోశారు. పడవలకి తారు పూశారు. ఇదంతా నాకు ఆయన రాసిన కార్డు వల్ల తెలిసింది. కార్డు చదివి నాకు అన్నం సయించలేదు. అయినా నిజం రాసి పంపలేదు. ఏమో, వచ్చేస్తుందేమో, అప్పుడు చెప్పక్కర్లేదు కదా అనుకున్నాను. ఆ ఆఫీసర్లు ముగ్గురూ అయిదేళ్ళపాటు అనుకున్నదీ ఇదే అయి ఉంటుంది.

ఏడో వారంలో మా ఆఫీసుకి కవరు వచ్చింది. అర్జీ తిరస్కరించారు. ఆ చోటు సముద్రపు పోటు హద్దుకి మరీ దగ్గరగా ఉంది కాబట్టి లీజు ఇవ్వడానికి వీల్లేదని రాశారు. సీనియరుగారు చదివి నా చేతిలో పెట్టారు.

పి.గన్నవరం మీదుగా రాజోలు బస్సు. అక్విడక్టు వంతెన మీద నెమ్మదిగా వెళ్తుంటే కింద గోదారి, అటూ ఇటూ కొబ్బరి తోటలు, ఎప్పుడు చూసినా కడుపు నిండిపోయే దృశ్యం. ఆ రోజు కిటికీ లోంచి బయటికి చూడలేదు. బట్టీ దగ్గరికి వెళ్ళేసరికి ఆడవాళ్ళు బుట్టలకి పేడ అలుకుతున్నారు. నన్ను చూసి అందరూ లేచి నిలబడ్డారు. బాబాయిగారి భార్య నీళ్ళ చెంబు తెచ్చింది. ఆ చెంబు పుచ్చుకుని కూడా నిజం చెప్పకుండా ఉండగలిగితే ఇంక నేను మనిషినే కాను.

"రాలేదండీ బాబాయిగారూ. ఇవ్వడం కుదరదని రాశారు. ఆ రోజు కోర్టులో మనం గెలవలేదండీ. గెలిచామని నేను అబద్ధం చెప్పాను."

ఒకావిడ పేడ చేతులు కడుక్కోవడానికి వెళ్ళిపోయింది. బాబాయిగారు డొక్కల కుప్ప వైపు చూస్తూ, "పైకి ఇంకెక్కడికన్నా వెళ్ళొచ్చాండీ?" అని అడిగారు.

"అప్పీలు వెయ్యొచ్చండీ."

"వేస్తే వస్తుందాండీ?"

"రాదండీ," అన్నాను. పెద్దవాళ్ళ మొహం మీద అంత సూటిగా లేదని చెప్పడం నా జీవితంలో అదే మొదలు.

"ఆయ్. మంచిదండీ, చెప్పేరు," అన్నారు. కోపం లేదు. కోప్పడితే బాగుండుననిపించింది. తరవాత నా చేతిలో కాగితం వైపు చూపించారు. "ఏం రాసేరో ఓసారి చదివి పెట్టండి."

కాగితం ఇంగ్లీషులో ఉంది. పై నుంచి తెలుగు చేస్తూ చదివాను. ఫలానా ఊరి కాపురస్తులైన మీరు, ఫలానా తేదీన, పన్నెండు కుటుంబాల తరఫున, గుల్ల తీసుకోవడానికి లీజు కోరుతూ ఈ కార్యాలయానికి సమర్పించిన దరఖాస్తు పరిశీలించడమైనది. అక్కడికి రాగానే ఆగమన్నారు.

"ఆ ముక్క మళ్ళీ చదవండి."

చదివాను.

"తేదీ ఉందాండీ?"

"ఉందండీ. మీరు చెప్పిన తేదీయే."

"ముద్ర?"

"గుండ్రటి ముద్ర, సంతకం, రెండూ ఉన్నాయండీ."

ఆయన ఆ కాగితాన్ని రెండు చేతులతో పట్టుకుని కళ్ళకి అద్దుకున్నారు. లీజు లేదన్న కాగితాన్ని. తరవాత భార్యని పిలిచి చీర మార్చుకోమన్నారు.

ముగ్గురం రాజోలు వెళ్ళి, బస్టాండు దగ్గర పన్నెండు జిరాక్సులు తీయించాం. అక్కడి నుంచి రిక్షాలో వాళ్ళ బావమరిది ఇంటికి. అతను అరుగు మీద కూర్చుని వల బాగుచేసుకుంటున్నాడు. చూశాడు గానీ లేవలేదు. మా వైపు ఇంటికొచ్చిన బావని చూసి లేవకపోవడమంటే చిన్న విషయం కాదు. అతని అక్కగారు గుమ్మం బయటే, రోడ్డు మీదే ఉండిపోయింది.

బాబాయిగారు ఒక జిరాక్సు అరుగు మీద పెట్టారు. అతను తీశాడు. ఎనిమిదో తరగతి దాకా చదువుకున్నాడట, ఇంగ్లీషు కూడబలుక్కుని తేదీ మీద వేలు పెట్టి రెండుసార్లు చూశాడు. మిగిలింది నన్ను చదవమన్నాడు. చదివాను.

"లీజు లేదన్నారన్నమాట," అన్నాడు.

"లేదన్నారు."

"పెట్టేరన్నమాట, బావగారూ."

"పెట్టేను."

అతను వల పక్కన పడేసి లేచాడు. బావ మొహం చూడలేక రోడ్డు వైపు చూసి, "అక్కడే నిలబడిపోయేవేంటక్కా, లోపలికి రా. కాళ్ళు కడుక్కో," అన్నాడు. ఆవిడ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని లోపలికి వెళ్ళింది. నేను అక్కడే అరుగు మీద కూలబడి, ఎవరేమనుకుంటారోనని చూడకుండా ఏడ్చాను.

మధ్యాహ్నం వాళ్ళింట్లోనే భోజనం పెట్టారు. తిన్నాక బాబాయిగారు మిగతా జిరాక్సులు లెక్క చూసుకున్నారు. బట్టీ దగ్గరున్న మూడిళ్ళ ప్రతులు పక్కన పెట్టి, "ఇంకా ఎనిమిదిళ్ళున్నాయండీ," అని లేచారు. ఆ పూటా మర్నాడూ తిరిగి అయిదిళ్ళలో ఇవ్వగలిగారు. మూడు కుటుంబాలు ఏ చెరువుల వెంట ఏ జిల్లాకి వెళ్ళిపోయాయో ఎవరూ చెప్పలేకపోయారు. ఆ తరవాత చాలా ఏళ్ళు, అమలాపురం వచ్చినప్పుడల్లా ఆయన ఆ మూడు ప్రతులూ సంచీలో వేసుకునే వచ్చేవారు. ఏ బస్సులోనైనా కనపడతారేమోనని. కనపడలేదు. ఆయన పోయాక సంచీ ఏమైందో నాకు తెలియదు.

ఆ మూడు కుటుంబాలవాళ్ళు ఎవరైనా ఇప్పటికీ ఉండి ఇది చదువుతుంటే, ఆయన మిమ్మల్ని అయిదేళ్ళు ఉత్త మాటలతో తిప్పారనే అనుకుంటూ ఉంటారు. అది నిజం కాదండీ. ఫైలు నేను చూశాను, సంతకం చూశాను. ఆయన అర్జీ పెట్టారు.